ఇనప స్కేలుతో కొలిచిన షెడ్డు

మధ్యవర్తి ఇచ్చిన తీర్పు పట్టుకుని మా ఆఫీసుకు వచ్చిన రోజు బాబాయి చాలా నింపాదిగా ఉన్నాడు. కుర్చీలో కూర్చుంటూనే మేడం బల్ల అంచును బొటనవేలితో రుద్ది చూసి, ఇది టేకు కాదు, టేకు రంగు వేశారు అన్నాడు. ఆ తర్వాత అసలు సంగతికి వచ్చాడు. తీర్పు మీద కోర్టుకు వెళ్లడానికి మూడు నెలలు టైముంటుందని ఎవరో చెప్పారట. ఇంకా కొన్ని రోజులు మిగిలే ఉన్నాయి కాబట్టి కంగారు పడాల్సిన పని లేదన్నాడు.

మేడం నా సీనియర్ లాయరు. నేను ఆవిడ దగ్గర జూనియర్ని. మా ఇంట్లో కాలేజీ మొహం చూసిన మొదటి మనిషిని నేనే. అందుకని మా వాళ్లలో ఎవరికి ఏ కాగితం వచ్చినా, అది కరెంటు బిల్లయినా సరే, ముందు నా దగ్గరికే తెస్తారు. ఈ తీర్పు ఒక్కటే ఇంత ఆలస్యంగా వచ్చింది.

బాబాయి, మావయ్య కలిసి ప్యాటర్న్ షాపు నడుపుతున్నారు. మావయ్య అంటే పిన్నికి సొంత అన్న. ఇనుము పోతపోసే ఫౌండ్రీలకు చెక్కతో నమూనాలు చేసివ్వడం వాళ్ల పని. పంపు డొప్ప అయినా, గేరు చక్రమయినా ముందు వీళ్ల బెంచీ మీద చెక్కలో తయారవ్వాలి. దాన్ని ఇసుకలో ఒత్తి తీసి, ఆ గుంటలో కరిగిన ఇనుము పోస్తారు. పేరుకు చెక్కపనే గాని మంచాలు, కుర్చీలు చేసేవాళ్లంటే ఇద్దరికీ చిన్నచూపు. వెంట్రుకవాసి తేడా వస్తే పని పక్కన పడేసే రకం ఇద్దరూ.

చాలా ఏళ్లు సజావుగానే సాగింది. తర్వాత మావయ్య కంప్యూటరుతో చెక్కే మెషీను తెద్దామన్నాడు. బాబాయి ఒంటికాలి మీద లేచాడు. మాటా మాటా పెరిగి, విడిపోదామన్న దాకా వచ్చింది. ఒక రోజు ఫౌండ్రీ ఇంజినీరును పక్కన కూర్చోబెట్టుకుని మాట్లాడుకున్నారు. షెడ్డు తనకు వదిలేసి, పనిముట్లు తీసుకుని వెళ్తానని బాబాయి ఆ రోజు ఒప్పుకున్నాడని మావయ్య వాదన. ఆలోచిస్తానన్నానే గాని ఒప్పుకున్నది ఎక్కడ అని బాబాయి వాదన. తగువొస్తే మధ్యవర్తి తేల్చాలని భాగస్వామ్య పత్రంలో రాసుకున్నారు గనక, వ్యవహారం ఒక రిటైరైన జడ్జిగారి ముందుకు వెళ్లింది.

బాబాయి లాయరును పెట్టుకోలేదు. ఉన్నది చెప్పడానికి ఇంకొకరి నోరు అద్దెకు తెచ్చుకోవాలా అన్నాడట. నేనప్పటికి ఆఖరి పరీక్షలు రాస్తున్నాను. తీరా సాక్ష్యం చెప్పాల్సిన ఇంజినీరు కాలు విరిగి ఆసుపత్రిలో పడ్డాడు. ఇంకో తారీఖు ఇవ్వమని బాబాయి అడిగాడు. మధ్యవర్తి కుదరదన్నాడు. సాక్షి మాట వినకుండానే షెడ్డు మావయ్యదని, బాబాయి ఆరు నెలల్లో ఖాళీ చెయ్యాలని తేల్చేశాడు.

ఖాళీ చెయ్యడమంటే బాబాయికి ఇల్లు మారడం లాంటిది కాదు. ఆ బెంచీలు నేలలో పాతినవి. అరవైకి దగ్గర పడ్డ మనిషి కొత్త చోటు వెతుక్కుని, నేల మట్టం చేయించుకుని, మెషీన్లు దించుకుని మళ్లీ మొదలుపెట్టడం జరిగే పని కాదు. ఇంకొకరి షాపులో చేరాలి, లేదంటే చేతులు ముడుచుకుని ఇంట్లో కూర్చోవాలి. ఇంట్లో కూర్చుంటే ఆయనకంటే ముందు నేను పోతాను అని పిన్ని అంటుండేది.

మేడం తీర్పు మొత్తం చదివింది. మధ్యవర్తి తప్పుగా తేల్చాడని అంటే కోర్టు వినదని, కానీ ఒక పక్షాన్ని తన సాక్షిని చూపించుకోనివ్వలేదంటే వింటుందని చెప్పింది. బాబాయి నా వైపు చూసి తలూపాడు, గెలిచేశామన్నట్టు. అప్పుడు మేడం ఈ తీర్పు ప్రతి చేతికి ఎప్పుడు అందిందని అడిగింది.

బాబాయి ఏమీ దాచలేదు. అందిన రోజు వేరు, తెరిచిన రోజు వేరని ఆయనే చెప్పాడు. కవరు వచ్చేటప్పటికి బెంచీ మీద పెద్ద పంపు డొప్ప ఉంది. పొరలు పొరలుగా చెక్క అతికిస్తూ పోవాలి. పని బెంచీ మీద ఉండగా మనసు చెదిరే కాగితం ముట్టుకోకూడదని ఆయన నియమం. సంతకం పెట్టి కవరు తీసుకుని, జిగురు డబ్బాల పక్కన నిలబెట్టాడు. డొప్ప ఫౌండ్రీకి పంపి, బెంచీ తుడుచుకుని, అప్పుడు తెరిచాడు. అప్పటికి నెలన్నర గడిచింది. మూడు నెలలూ ఆయన ఆ రోజు నుంచి లెక్కపెట్టుకున్నాడు.

మేడం పెన్ను కింద పెట్టింది. మధ్యవర్తి సంతకం చేసిన ప్రతి చేతికందిన రోజు నుంచి మూడు నెలలు. సరైన కారణం చూపిస్తే ఆ పైన ముప్పై రోజులు. అది కూడా దాటితే ఎంత మంచి కేసయినా కోర్టు చెయ్యగలిగింది లేదు. దయతలచే అధికారం కూడా చట్టం జడ్జికి ఇవ్వలేదు. అందిన రోజు నుంచి చూస్తే మూడు నెలలూ పోయాయి, పై ముప్పై రోజులూ పోయి వారమైంది. ఆవిడ ఈ మాటలు గొంతు పెంచకుండా, తగ్గించకుండా చెప్పింది.

బాబాయి కుర్చీ వెనక్కి జరిపి లేచాడు. తర్వాత నన్ను వరండాలోకి పిలిచాడు.

"చూడనిది అందినట్టెలా అవుతుందే? నేను తెరిచిన రోజే నాకందిందని రాసెయ్యి."

"కొరియర్ కాగితం మీద నీ సంతకం ఉంది బాబాయ్."

"ఆ సంతకం నాది కాదంటాను."

"నీదేగా."

"మరి నిన్ను లా చదివించింది దేనికి?"

అబద్ధపు ప్రమాణపత్రం నేను రాయనని అన్నాను. ఆయన నన్ను తిట్టలేదు. చెప్పులు వేసుకుని, మేడానికి చెప్పకుండానే మెట్లు దిగి వెళ్లిపోయాడు. నేను లోపలికి వెళ్లి జరిగింది మేడానికి చెప్పాను. ఆవిడ, మంచిది, ఫైలు మాత్రం అప్పుడే మూసెయ్యకు అంది.

ఆ సాయంత్రం పిన్ని ఇంటికి వెళ్లాను. వెళ్లాలని లేదు, కానీ వెళ్లకపోతే బాగుండదు. బాబాయి మొహం గంటు పెట్టుకుని టీవీ ముందు కూర్చున్నాడు. టీవీ ఆన్ చేసి లేదు. పిన్ని బియ్యం కడుగుతూ, తన బతుకు భర్తకీ అన్నకీ మధ్య పచ్చడైపోయిందని నెమ్మదిగా చెబుతోంది. ఇద్దరూ ఇప్పటికీ ఆ ఒక్క షెడ్డులోనే పని చేస్తున్నారు. ఒప్పుకున్న పనులు పూర్తి చెయ్యాలి కదా మరి. ఒకరితో ఒకరు మాట్లాడరు. మధ్యలో లేతు మేస్త్రిని నిలబెట్టి, 'ఆ రంపం ఖాళీ అయిందేమో ఆయన్ని అడుగు' అని ఒకరు, 'కాలేదని ఆయనకు చెప్పు' అని ఒకరు. ఇద్దరి మధ్య దూరం రెండు గజాలు. మేస్త్రి ఉద్యోగం మానేస్తానంటున్నాడు.

"ఈ ఏడాదిలో ఇద్దరూ ఒప్పుకున్నది ఒక్కటే విషయం. ఆ ఏడంగుళాల సంగతి" అంది పిన్ని.

ఏడంగుళాలేమిటని అడిగాను. పిన్నికి నవ్వొచ్చింది. అది షాపులో అందరికీ తెలిసిన కథేనట, నాకే ఎవరూ చెప్పలేదు.

కరిగిన ఇనుము చల్లారితే కాస్త ముడుచుకుంటుంది. అందుకని చెక్క నమూనా ఆ మేరకు పెద్దదిగా చెయ్యాలి. ప్రతిసారీ లెక్కలు కట్టుకోకుండా, ప్యాటర్న్ షాపుల్లో దీనికి వేరే కొలబద్దలు ఉంటాయి. వాటి మీద అడుగు అని రాసి ఉన్నది మామూలు అడుగు కంటే నూటికి ఒక వంతు పొడుగు. వాటిని వీళ్లు ఇనప స్కేలు అంటారు. చెక్కతోనే చేస్తారు గాని ఇనప పోత కోసం చేసింది కాబట్టి ఆ పేరు. మధ్యవర్తి పంపిన సర్వేయరు టేపు మర్చిపోయి వచ్చాడు. షాపులో ఎవరినో కొలబద్ద అడిగాడు. పొడుగ్గా ఉంది కదా అని గోడకు ఆనించిన ఇనప స్కేలు ఇచ్చారు. ఆయన దానితో షెడ్డు మొత్తం కొలుచుకుని వెళ్లిపోయాడు. తీర్పు వెనక జతచేసిన పట్టికలో అరవై అడుగుల షెడ్డు ఏడంగుళాలు పైచిలుకు కురచగా పడింది.

బాబాయికి ఆ పట్టికతో పని లేదు, ఎందుకంటే ఆయన అప్పటికి కవరే తెరవలేదు. మావయ్య మాత్రం తన ప్రతిలో చూసి అన్నం మానేశాడట. షెడ్డు తనకే వచ్చింది. ఏడంగుళాలు తక్కువని గోడలు జరగవు. ఆయన లాయరు కూడా అదే చెప్పాడు. మావయ్య వినలేదు. లాయరుకు చెప్పకుండా తానే, తన చేతిరాతతో, కొలత తప్పుందని మధ్యవర్తికి అర్జీ పెట్టుకున్నాడు. మధ్యవర్తి బాబాయి అభిప్రాయం అడిగాడు. బాబాయి, నాకు అభ్యంతరం లేదు, కొలత తప్పే అని ఒక్క ముక్క రాసి పంపాడు. మధ్యవర్తి కంటి ఆపరేషన్ చేయించుకుని రావడంతో కాస్త జాప్యమైంది. చివరికి కొలతలు దిద్ది కొత్త పట్టిక పంపించాడు.

"ఆ కొత్త పట్టిక ఎప్పుడొచ్చింది పిన్నీ?"

పిన్ని బియ్యం గిన్నె పట్టుకుని ఆలోచించింది. టీవీ ముందు నుంచి బాబాయే సమాధానం చెప్పాడు. రెండు నెలలు కూడా కాలేదన్నాడు. అది మా ఆఫీసుకు ఎందుకు తేలేదని అడిగితే, అది ఆయన పెట్టిన అర్జీ, నాదెందుకవుతుంది అన్నాడు.

మర్నాడు పొద్దున్నే ఆ పట్టిక మేడం బల్ల మీద పెట్టాను. చట్టంలో గడువు చెప్పే సెక్షన్ చివర ఒక చిన్న వాక్యం ఉంది. తీర్పులో తప్పు దిద్దమని మధ్యవర్తిని కోరి ఉంటే, గడువు తీర్పు అందిన రోజు నుంచి కాదు, ఆ కోరిక పరిష్కారమైన రోజు నుంచి మొదలవుతుంది. కోరింది ఎవరన్నది అందులో లేదు. నేను కాలేజీలో ఆ వాక్యం కింద గీత కూడా గీశాను. కానీ క్లయింటు చెప్పకపోతే అది గుర్తొచ్చే వాక్యం కాదు. మేడం రెండుసార్లు చదివి, మీ బాబాయిని పిలువు, ఈసారి ఉన్న కాగితాలన్నీ తెమ్మను, జిగురు డబ్బాల వెనకవి కూడా అంది.

పిటిషన్ వేశాం. తీర్పు అందిన అసలు తారీఖే రాశాం, దిద్దుబాటు తారీఖూ రాశాం. అవతలి లాయరు మా కాగితాలు చూశాక తన క్లయింటు మీద ఎలా విరుచుకుపడి ఉంటాడో నేను ఊహించగలను. కానీ ఆయన తెలివైన వాడు. మూడు అభ్యంతరాలు లేపాడు. కొలత దిద్దడం తీర్పును మార్చడం కాదన్నాడు. దిద్దమన్నది తన పక్షం, దాని లాభం నిద్రపోయిన మా పక్షానికి రాకూడదన్నాడు. అన్నిటికంటే గట్టిది మూడోది. అసలు తన క్లయింటు దిద్దమని కోరలేదు, తేడా ఉందని ఊరికే తెలియజేశాడు, మధ్యవర్తి తనంతట తానే దిద్దుకున్నాడు అన్నాడు. మావయ్య చేతిరాతలో ఎక్కడా సెక్షన్ నంబరు లేదు. 'అయ్యా, కొలత తప్పుంది, సరిగ్గా ఉంటే బాగుంటుంది' అన్న తీరులో ఉంది. చదివితే రెండు రకాలుగానూ అనుకోవచ్చు.

విచారణ రోజు కోర్టు హాలులో బాబాయి ఒక బెంచీ చివర, మావయ్య అదే బెంచీ రెండో చివర కూర్చున్నారు. మధ్యలో పిన్ని. ఆవిడ ఎవరి వైపు అని బంట్రోతు అడిగితే, నన్ను అడక్కండి బాబూ అంది.

జడ్జిగారు మావయ్య అర్జీని రెండుసార్లు చదివి, దీన్ని రాసిన మనిషి వచ్చాడా అన్నాడు. మావయ్య లేచాడు. ఆయన లాయరు వెనక్కి తిరిగి, చెప్పాల్సింది ముందే చెప్పానన్నట్టు చూశాడు.

"మీరు కొలత దిద్దమని అడిగారా, తేడా ఉందని తెలియజేశారా?"

మావయ్య జేబులో చెయ్యి పెట్టి తీశాడు. ఒకసారి లాయరు వైపు, ఒకసారి నేల వైపు చూశాడు. బాబాయి మటుకు కిటికీలోంచి బయటకి చూస్తున్నాడు. ఆ సమాధానం మీదే ఆయన బెంచీ ఆధారపడి ఉందని మేడం పొద్దున్నే ఆయనకు విడమరిచి చెప్పింది. ఊరికే తెలియజేశానంటే బాబాయి పని ఆ గదిలోనే అయిపోతుంది.

"దిద్దమనే అడిగానండి" అన్నాడు మావయ్య. "తప్పు కొలత చూసి ఊరికే చెప్పి ఊరుకుంటామాండి? దిద్దకపోతే ఇంకోసారి రాసేవాణ్ణి."

లాయరు తన ఫైలులో ఏదో పేజీ వెతకడం మొదలుపెట్టాడు.

కొలత నిజంగానే తప్పా అని జడ్జిగారు ఈసారి బాబాయిని అడిగాడు. తప్పేనండి అన్నాడు బాబాయి, ఇనప స్కేలుతో కొలిచారు. అదేమిటని జడ్జిగారు అడిగాడు. అక్కడే పొరపాటు చేశాడు. ఇనుము ఎంత ముడుచుకుంటుందో బాబాయి మొదలుపెట్టాడు. అంత కాదు, ఆ లెక్క అల్యూమినియానిదని మావయ్య అడ్డుపడ్డాడు. నేను చెప్పేది ఇనుము గురించే, నువ్వు సరిగ్గా విను బావా అని బాబాయి. విన్నాను కాబట్టే అంటున్నాను బావా అని మావయ్య. ఏడాదిగా మేస్త్రి నోటితో మాట్లాడుకున్న వాళ్లు జడ్జి ఎదుట నేరుగా పోట్లాడుకున్నారు. పిన్ని తల పట్టుకుంది. జడ్జిగారు, అర్థమైంది, అర్థమైంది అని రెండుసార్లు అని ఇద్దర్నీ కూర్చోబెట్టాడు.

ఆ సాయంత్రమే ఉత్తర్వు చెప్పాడు. అర్జీ దిద్దమని పెట్టినదే. ఏ పక్షం పెట్టినా గడువు అది పరిష్కారమైన రోజు నుంచే నడుస్తుంది. పిటిషన్ గడువులోనే ఉంది. అది తేలేదాకా ఖాళీ చెయ్యనక్కర లేదు.

వరండాలో మావయ్య నా దగ్గరికి వచ్చాడు. ఆయన లాయరు అప్పటికే వెళ్లిపోయాడు, చెప్పకుండా.

"ఏమే అమ్మాయ్, నేనది రాయకపోతే మీ బాబాయి కోర్టుకు రాలేకపోయేవాడా?"

"రాలేకపోయేవాడు మావయ్యా."

"షెడ్డు నాదే అయ్యుండేది."

"అయ్యుండేది."

ఆయన బాధపడ్డాడో లేదో నేను చెప్పలేను. తర్వాత, వచ్చిన రోజే కవరు తెరిచి చూసుకోమని మీ బాబాయికి చెప్పాను, ఎదురుగా నిలబడి చెప్పాను అన్నాడు. మేస్త్రితో కాకుండా తానే నేరుగా చెప్పిన మాట ఆ ఏడాదిలో అదొక్కటేనట.

నేను బాబాయిని అడిగాను. ఆయన కుళాయి దగ్గర మొహం కడుక్కుంటున్నాడు.

"చెప్పాడు" అన్నాడు.

"మరి తెరవలేదేం? పని మీద ఉన్నాననా?"

బాబాయి నీళ్లు నమలకుండా చెప్పాడు. "పని ఉన్న మాట నిజమే. కానీ ఆయన తెరవమన్నాక నేనెలా తెరుస్తానే? ఆయన చెబితే చేశాననుకోడూ?"

ఇది ప్రమాణపత్రంలో రాయాల్సిన అవసరం రానందుకు నాకు ఊరటగా అనిపించింది. సరైన కారణం అన్న మాట కిందికి ఇది ఎలాగూ రాదు.

కొన్ని నెలలకు అసలు కేసు విన్నారు. కాలు విరిగిన ఇంజినీరు పేరు, ఆసుపత్రి కాగితం, తారీఖు అడిగిన అర్జీ అన్నీ మధ్యవర్తి ఫైలులోనే ఉన్నాయి. సాక్షిని చూపించుకోనివ్వలేదన్న కారణం మీద కోర్టు తీర్పును కొట్టేసింది. షెడ్డు ఎవరిదో మాత్రం చెప్పలేదు. అది కోర్టు పని కాదు. వీళ్లు మళ్లీ మధ్యవర్తి ముందుకే వెళ్లాలి. ఇదంతా గెలవడమేనా అని బాబాయి అడిగాడు. నీ బెంచీ దగ్గర నువ్వు ఉన్నావు, అంతవరకు గెలిచినట్టే అన్నాను. ఆయనకు అది పూర్తిగా నచ్చలేదు.

ఆ ఆదివారం పిన్ని ఇద్దర్నీ భోజనానికి పిలిచింది. నేనూ వెళ్లాను. మాట్లాడుకోకపోయినా పక్కపక్కనే కూర్చున్నారు. తింటూ తింటూ మావయ్య నన్ను అడిగాడు, దీని మీద పైకోర్టుకు వెళ్లాలంటే ఎన్నాళ్ల టైముంటుందని.

అది నేను చెప్పకూడదన్నాను. నేను బాబాయి తరఫు మనిషిని, మీ లాయరును అడగండి మావయ్యా అన్నాను. అన్నయ్యకు చెబితే ఏం పోతుందే అని పిన్ని విసుక్కుంది. బాబాయి కంచంలోంచి తలెత్తకుండా,

"రేపే వెళ్లి అడుగు బావా. ఆలస్యం చెయ్యకు. వాళ్లు లెక్కపెట్టేది నువ్వు చదివిన రోజు నుంచి కాదు" అన్నాడు.

మావయ్య సరేనన్నాడు. పిన్ని ఇద్దరికీ ఇంకాస్త అన్నం వడ్డించింది.

నెల తిరక్కుండానే మావయ్య అప్పీలు వేశాడు. నోటీసు మా ఆఫీసుకు వచ్చింది. మేడం దాన్ని నాకిచ్చి, అందిన తారీఖు పైన రాసి, మీ బాబాయికి ఇవాళే చెప్పమంది.